మొహం ఒకచోట, గొంతు ఒకచోట

ఆ రోజుకి కంచు వేసుకున్న పథకం చాలా చిన్నది. పొద్దున్నే లేవడం, సాయంత్రం నాలుగింటికి డబ్బింగ్ స్టూడియోకి వెళ్ళడం, ఈ మధ్యలో నోరు విప్పకుండా ఉండడం. అంతే. నోరున్న ఏ మనిషైనా చెయ్యగలిగే పనే. కాకపోతే కంచు నటుడు. నటుణ్ణి ఊరికే కూచోమంటే కూచుంటాడా?

కంచు అన్నది అమ్మానాన్నలు పెట్టిన పేరు కాదు. ఆ పరాయి ఊళ్ళో ఉన్న మనవాళ్ళంతా అతని గొంతు విని పెట్టిన పేరు. ఫోన్లో "హలో" అన్నాడంటే అవతలివాళ్ళు తెలియకుండానే లేచి నిలబడేవాళ్ళు. అంతటి గొంతు వెంటబెట్టుకుని ఆ దేశం వచ్చినవాడికి మొదట్లో దొరికిన వేషాలు మూడు రకాలు: టాక్సీ నడిపేవాడు, హోటల్లో తాళంచెవులు ఇచ్చేవాడు, శవం. శవానికి మాటల బెడద లేదు. మిగతా రెంటికీ ఒకటో రెండో ముక్కలుండేవి. వాటిని కంచు కెమెరా ముందు మహా గొప్పగా చెప్పేవాడు. తీరా సినిమా వచ్చాక చూసుకుంటే మొహం తనది, గొంతు ఇంకెవడిదో. "మీ యాస మా జనానికి కొరుకుడు పడదండీ" అని దర్శకులు నెమ్మదిగా చెప్పేవాళ్ళు.

కంచుకి పౌరుషం పొడుచుకొచ్చింది. పళ్ళ మధ్య పెన్సిలు పెట్టుకుని, అద్దం ముందు నిలబడి, ఏళ్ళ తరబడి ఆ భాషతో కుస్తీ పట్టాడు. చివరికి అక్కడ పుట్టి పెరిగినవాళ్ళే "మీది మా దగ్గర ఏ జిల్లా?" అని అడిగేదాకా వచ్చింది. ఇక డబ్బింగ్ వాళ్ళు అతన్ని వదల్లేదు. బయటి దేశాల సినిమా ఏది ఆ భాషలోకి దిగినా అందులో ఒక గొంతు కంచుది. సీరియల్లో బట్టతల ఇన్‌స్పెక్టరు అతనే, పిల్లల సినిమాలో నీతులు చెప్పే ఎలుగుబంటీ అతనే. కెమెరా ముందుకి పిలిస్తే మాత్రం మళ్ళీ శవమే.

"నా కర్మ కాకపోతే ఏమిటండీ ఇది!" అనేది భార్య. "మొహం చూద్దామని వెళితే గొంతు ఎవడిదో. గొంతు విందామని వెళితే మొహం ఎలుగుబంటిది. మా ఆయన మొత్తంగా ఒక్క సినిమాలో కనబడితే చూసి చచ్చిపోతాను."

"చూసి బతుకుదువుగాని, ఆగు" అనేవాడు కంచు. ఊరికే అనేవాడు కాదు. అది అతని పంతం. మనవాళ్ళంతా కూచున్న హాల్లో, భార్య పక్కనుండగా, తన మొహం లోంచి తన గొంతు రావాలి. అంతకు మించి అతనికి ఏ అవార్డూ అక్కర్లేదు.

ఇన్నాళ్ళకి ఆ వేషం దొరికింది. పరాయి దేశం నించి వచ్చిన ముసలి దర్జీ వేషం. కూతుర్ని వెనక్కి పంపించెయ్యాలని ప్రభుత్వం అంటే, ఆ దర్జీ కోర్టులో లేచి నిలబడి పెద్ద ఉపన్యాసం ఇస్తాడు. సినిమాకి ప్రాణం ఆ ఉపన్యాసమే. షూటింగులో కంచు దాన్ని చెప్పిన తీరుకి జడ్జి వేషగాడు కళ్ళు తుడుచుకున్నాడు కూడా. అయితే కోర్టు సెట్టు రేకుల షెడ్డులో వేశారు. కంచు నోరు తెరిచాడో లేదో, వాన అందుకుంది. రికార్డయిందంతా టపటపలే. అందుకని ఆ ఉపన్యాసం స్టూడియోలో మళ్ళీ చెప్పాలి. డబ్బింగ్ డైరెక్టరమ్మ ముందురోజు ఫోన్ చేసి మరీ హెచ్చరించింది. "రేపు రికార్డింగ్ దాకా ఒక్క మాట మాట్లాడొద్దు. గుసగుస అసలే వద్దు, అది గొంతుకి ఇంకా చేటు. మాటివ్వండి." కంచు మాటిచ్చాడు.

రాత్రి పడుకోబోయే ముందు ఈ సంగతంతా భార్యకి పూసగుచ్చినట్టు చెప్పాడు. ఆవిడ చెవి దగ్గర ఫోను పెట్టుకుని చెల్లెలితో మాట్లాడుతూ "ఊఁ" అంది. పెళ్ళయి ఇన్నేళ్ళయినా, ఆవిడ ఊఁ కొట్టడానికీ వినడానికీ సంబంధం లేదని కంచు తెలుసుకోలేదు.

పొద్దున ఆవిడకి సెలవు. కళ్ళజోళ్ళ దుకాణంలో రోజంతా నిలబడి పనిచేసే మనిషి, ఆ పూట తీరిగ్గా రెండు కప్పులు కాఫీ కలిపి తెచ్చుకుని కూచుంది.

"ఏమండీ, సినిమా విడుదల రోజున మా తమ్ముణ్ణి మన పక్కనే కూచోబెట్టుకుందామా?"

కంచు చిరునవ్వు నవ్వి, కళ్ళు ఒకసారి మూసి తెరిచాడు. అందులో "నీ ఇష్టమే నా ఇష్టం, సాయంత్రం మాట్లాడుకుందాం" అన్న అర్థమంతా ఉందని అతని నమ్మకం.

"అంటే? ఔనా, కాదా?"

కంచు మళ్ళీ కళ్ళు మూసి తెరిచాడు, ఈసారి ఇంకాస్త భావంతో.

"అదుగో! మా వాళ్ళ మాటెత్తితే చాలు, మీ నోటికి తాళం పడిపోతుంది. మొన్న వాడి భాషని అందరిముందూ వెక్కిరించారు, నేనేమైనా అన్నానా? పక్కన కూచోబెట్టుకోడానికి కూడా నామోషీయా?"

కాయితం మీద ఒక్క ముక్క రాస్తే సరిపోయేది. కానీ మాటల్లేకుండా భావం చెప్పలేనివాడు నటుడేమిటని కంచు సిద్ధాంతం. శవంగా పడుకుని కూడా భావం పలికించినవాడు, కట్టుకున్న భార్యకి ఇంత చిన్న సంగతి చెప్పడానికి కాయితం కలం పట్టుకోవాలా? ఛీ ఛీ! కుర్చీలోంచి లేచి, చొక్కా చేతులు మడిచి, అభినయం మొదలుపెట్టాడు. పెదవుల మీద వేలు పెట్టాడు: నేను మౌనం. అరచెయ్యి చాచి దూరంగా చూపించాడు: స్టూడియోకి వెళ్ళాలి. రెండు చేతులూ గొంతు దగ్గర దోసిలిలా పట్టి ఒక్కసారి విప్పాడు: సాయంత్రానికి నా గొంతు పువ్వులా విచ్చుకుంటుంది. పొంకంగా వచ్చిందని తనలో తనే మెచ్చుకున్నాడు కూడా.

ఆవిడ చూసింది వేరు. నోరు ముయ్యి. అవతలికి పో. లేకపోతే పేలిపోతాను.

కాఫీ కప్పు ఠప్పున కింద పెట్టి, ఫోను తీసుకుని వంటింట్లోకి వెళ్ళిపోయింది. "ఒరేయ్, నువ్వొకసారి రా. మీ బావ నన్ను నోరు మూసుకోమన్నాడురా. అదీ నోరు విప్పకుండా!"

ఆ తమ్ముణ్ణి మనవాళ్ళంతా లిఫ్టు అంటారు. పెద్ద పెద్ద భవనాల్లో లిఫ్టులు బాగుచేస్తాడు. బావ వచ్చిన ఏడాదే అతనూ ఆ దేశం వచ్చాడు కానీ, భాష దగ్గర మాత్రం వచ్చిన రోజున ఎక్కడ నిలబడ్డాడో అక్కడే ఉన్నాడు. ప్రతి మాటనీ సాగదీసి, ప్రతి అక్షరం మీదా సుత్తి దెబ్బ వేసి మరీ పలుకుతాడు. కంచు ఎన్నోసార్లు దిద్దబోయాడు. "వాళ్ళకి పని చేసిపెడుతున్నా, పన్ను కడుతున్నా. నాలుక కూడా రాసివ్వాలా బావా?" అని లిఫ్టు ఎదురడిగేవాడు.

అక్క గొంతు వణకడం వినగానే లిఫ్టు చేస్తున్న పని ఎక్కడిదక్కడ వదిలేసి పరిగెత్తుకొచ్చాడు. వచ్చేసరికి బావ గదిలో ఉన్నాడు. గొంతు మెత్తబడాలని బేసిన్లో మరిగే నీళ్ళు పోసుకుని, తలమీద పెద్ద తువ్వాలు కప్పుకుని ఆవిరి పడుతున్నాడు. తలుపు దగ్గర నిలబడ్డ లిఫ్టుకి కనపడింది ఒక తువ్వాలు, దాని కింద ఎగిరెగిరిపడే భుజాలు, ముక్కు ఎగపీల్చే చప్పుడు.

"బావా!" అన్నాడు నీరుగారిపోయి. "ఏడుస్తున్నావా?"

కంచు తువ్వాలు తీశాడు. కళ్ళు చింతనిప్పులు, మొహమంతా నీళ్ళు. కాదని తల అడ్డంగా ఊపాడు.

"నా దగ్గర దాస్తావేమిటి బావా? మీ ఇద్దరికీ గొడవైతే కళ్ళెర్రబడేది మా అక్కకి కదా, నువ్వు ఏడవడమేమిటి? ఇది గొడవ కాదు. ఇంకేదో ఉంది. చెప్పు."

ఆడవాళ్ళకి అర్థం కాకపోతే పోయింది, యంత్రాలతో పనిచేసేవాడు, వీడికైనా అర్థమవుతుందని కంచు ఆశపడ్డాడు. ఈసారి ఇంకా వివరంగా చేశాడు. గొంతు పట్టుకుని చూపించాడు. చేత్తో అడ్డంగా కోసినట్టు చేశాడు: మాటలు బంద్. నాలుగు వేళ్ళు చూపించాడు: నాలుగింటిదాకా. ఆ తరవాత చేతులు రెండూ పైకెత్తి, కళ్ళు ఆకాశంలో నిలిపి, మొహం వెలిగించాడు: హాలంతా లేచి చప్పట్లు కొడుతుంది.

లిఫ్టు మొహంలో నెత్తురు చుక్క లేదు.

"గొంతు... కొయ్యడం... నాలుగింటికి..." అంటూ తనూ వేళ్ళు మడిచాడు. "ఆపరేషనా బావా? తరవాత... పైకేనా?"

కంచు తల, చేతులు, ఒళ్ళంతా అడ్డంగా ఊపాడు.

"అక్కకి చెప్పొద్దంటావా? చెప్పన్లే బావా. ఒట్టు. నా నోటెంట ఒక్క ముక్క రాదు" అని కళ్ళు తుడుచుకుని, గుమ్మం దాటాడో లేదో, "అక్కా! కొంప మునిగింది అక్కా!" అని కేక పెట్టాడు.

ఆవిడ పరిగెత్తుకొచ్చింది. విన్నది. గోడకి చేరబడి మొగుడి వంక చూసింది. పొద్దుటి కోపమంతా ఏమైందో, ఆవిడ కళ్ళలో నీళ్ళు జలజలా రాలాయి. "ఇంత పెట్టుకుని నాతో ఒక్కమాట చెప్పలేదేమండీ? నేనేమో కాఫీ కప్పు విసిరికొట్టానే! ఆ గొంతు పోతే మీకేం మిగుల్తుందండీ?" అంది. ఆవిడ అంతగా ఏడవడం కంచు పెళ్ళయ్యాక చూడలేదు. పోతే పోయింది సిద్ధాంతం, రాసి చూపిద్దామని ఫోను అందుకోబోయాడు. ఆవిడ లాగేసుకుంది. "వద్దండీ, ఈ స్థితిలో ఫోనొకటా!" అంది. సరేనని, అరచేతి మీద వేలితో రాస్తున్నట్టు చూపించి కాయితం అడిగాడు.

"అయ్యో అయ్యో, వీలునామా రాస్తానంటున్నాడే!" అని లిఫ్టు భోరుమన్నాడు.

కంచు చేతులు దించేశాడు. ఇన్నేళ్ళ నట జీవితంలో ఇంత చెడ్డ ప్రేక్షకుల్ని అతను చూడలేదు. అయినా ధైర్యం చెడలేదు. నాలుగింటికి స్టూడియోకి చేరితే డైరెక్టరమ్మే అంతా చెబుతుంది, వీళ్ళే సిగ్గుపడతారు అనుకున్నాడు. స్టీరింగు తిప్పుతున్నట్టు చేతులు ఆడించి, కారులో తీసుకెళ్ళమని సైగ చేశాడు. ఆ రోజు అతను చేసిన అభినయాల్లో వాళ్ళకి సరిగ్గా అర్థమైంది అదొక్కటే. "పద బావా, పద" అని ఇద్దరూ చెరో రెక్క పట్టుకున్నారు.

బయల్దేరే ముందు లిఫ్టు బాల్కనీలోకి వెళ్ళి, బావ ఫోన్లోంచే డైరెక్టరమ్మకి ఫోన్ చేశాడు. బావకి మాట పోకూడదుగా, ముందే చెప్పడం మర్యాద. ఆ దేశపు భాషలో, తన పద్ధతిలో, సాగదీసి, సుత్తి దెబ్బలు వేసుకుంటూ, మధ్యమధ్య వెక్కుతూ చెప్పాడు. "అమ్మా, మా బావ ఇంక మాట్లాడలేడమ్మా. ఈ రోజు ఆయన గొంతు కోసేస్తున్నారు. మీరు వేరే మనిషిని చూసుకోండి. మమ్మల్ని క్షమించండి."

అవతల కుర్చీ దగ్గరికి లాక్కున్న చప్పుడైంది. తరవాత డైరెక్టరమ్మ, "మీ బావగారి గురించి విని బాధగా ఉంది. దయచేసి ఇంకొంచెం మాట్లాడండి" అంది.

"ఏం మాట్లాడమంటారమ్మా?"

"ఏదైనా సరే. ఆపకండి." మళ్ళీ కాసేపటికి, "నాలుగింటికి మీరొకసారి స్టూడియోకి రాగలరా?" అంది.

బావ సామాన్లేవో అక్కడ ఉండిపోయుంటాయి, తీసుకెళ్ళమంటోంది కాబోలు అనుకున్నాడు లిఫ్టు.

కారు ఆగాక కంచు ఠీవిగా దిగి చూస్తే ఎదురుగా స్టూడియో లేదు, ఆస్పత్రి ఉంది. వెనక్కి తిరిగేసరికి లిఫ్టు, "అక్కా, నువ్వు చూసుకో, నేను బావ పని చక్కబెట్టి వస్తా" అని కారు తిప్పేశాడు. కంచుకి ముందు ఆస్పత్రి తలుపు, వెనక భార్య. ఆవిడ పట్టు ఎలాంటిదో తెలిసినవాడు కాబట్టి లోపలికి నడిచాడు.

గొంతు డాక్టరు మర్యాదస్తుడు. ఆవిడ చెప్పిందంతా ఓపిగ్గా విని, చిన్న లైటు వెలిగించి, "నోరు తెరిచి, 'ఆఁ' అనండి" అన్నాడు.

కంచు నోరు తెరిచాడు. ఆఁ అనలేదు. ఎలా అంటాడు? ఇచ్చిన మాట మాటే.

"ఆఁ... అనండి."

ఇంకా పెద్దగా తెరిచాడు. గాలి కూడా రాలేదు.

డాక్టరు మొహం ముడుచుకుపోయింది. "అసలు శబ్దమే పుట్టడం లేదే!" అని, ముక్కులోంచి గొంతులోకి దింపే సన్నటి గొట్టం, చివర కెమెరా ఉన్నది, తెమ్మన్నాడు. ఆ గొట్టం మెరుస్తూ ముక్కు దాకా వచ్చింది. కెమెరా అంటే కంచుకి ప్రాణమే కానీ, ఈ దిక్కునించి వచ్చే కెమెరాని అతను ఎన్నడూ కోరుకోలేదు.

"తియ్యండి దాన్ని!" అన్నాడు. "నాకు ఏ జబ్బూ లేదు. నా గొంతు నిక్షేపంలా ఉంది!"

గదిలో గాజు సామాన్లు గణగణలాడాయి. బయట కూచున్న రోగులు లేచి నిలబడ్డారు. డాక్టరు గొట్టం పట్టుకునే నోరు తెరిచి, "ఆగండాగండి... మీరు ఆ సీరియల్లో ఇన్‌స్పెక్టరు కదూ?" అన్నాడు. పరాయివాడొకడు తన గొంతుని గుర్తుపట్టడం కంచు జీవితంలో అదే మొదలు. కానీ సంతోషించే తీరిక ఎక్కడిది? పక్కన భార్య కళ్ళు తుడుచుకోవడం ఆపేసింది.

"ఇంత గొంతు పెట్టుకుని, పొద్దుటినించీ నన్ను కుళ్ళి కుళ్ళి ఏడిపిస్తారా?"

"రాత్రి చెప్పాగదే! రికార్డింగ్ దాకా మాట్లాడనని!"

"ఎవరికి చెప్పారు?"

"నీకే. నువ్వు ఊఁ అన్నావు."

"నేను ఊఁ అంది మా చెల్లెలికి!"

టాక్సీలో దారిపొడుగునా ఆవిడ తిట్టింది. మధ్యలో ఒకసారి ఆగి, అతని చెయ్యి గట్టిగా పట్టుకుని, "నిజంగా ఏమీ లేదు కదా?" అని అడిగి, లేదనిపించుకుని, మళ్ళీ మొదలుపెట్టింది.

స్టూడియోలో రికార్డింగు గది బయట ఎర్ర దీపం వెలుగుతోంది. ఆ దీపం వెలుగుతుంటే పని ఉన్నవాళ్ళు తప్ప ఇంకెవరూ లోపలికి పోకూడదు. భార్యని వరండాలో కూచోబెట్టి, కంచు తలుపు నెమ్మదిగా తోసుకుని లోపలికి వెళ్ళాడు. వెళ్ళి అక్కడే నిలబడిపోయాడు.

తెర మీద తన మొహం. తను ప్రాణం పెట్టి నటించిన దర్జీ మొహం. పెదవులు కదులుతున్నాయి. వాటిలోంచి వస్తున్నది బావమరిది గొంతు.

లిఫ్టు పని దుస్తుల్లోనే మైకు ముందు నిలబడి, కాయితం చూసి చదువుతున్నాడు. చదువుతూ ఏడుస్తున్నాడు. "అయ్యా, ఈ ఊళ్ళో అందరి కొలతలూ నేను తీసుకున్నాను. నా కూతురు ఇక్కడ సరిపోదని మీరు ఏ కొలత పెట్టి చెప్పారు?" సాగతీతలు, సుత్తి దెబ్బలు, ఎక్కిళ్ళు. పెదవుల కదలికకి సరిగ్గా పడకపోతే సౌండు ఇంజనీరు ఓపిగ్గా మళ్ళీ చెప్పిస్తున్నాడు. డైరెక్టరమ్మ చేతి రుమాలు తడిసిపోయింది.

"బావా!" లిఫ్టు కాయితం పారేసి వచ్చి వాటేసుకున్నాడు. "కొయ్యలేదా?"

"ఎవడు కోస్తాడ్రా! నువ్వే కోశావు నా గొంతు!"

డైరెక్టరమ్మ కంచుని చూసి నిజంగా సంతోషించింది. క్షేమం అడిగింది. తరవాత కుర్చీ చూపించి, చాలా మర్యాదగా, కత్తి దించింది. "మీరు ఆరోగ్యంగా ఉన్నందుకు ఎంత ఆనందంగా ఉందో చెప్పలేను. కానీ ఈ పాత్రకి మీ బావమరిదిగారి గొంతే ఉంచుతాను. మీ మొహానికి ఆ గొంతు అతికినట్టు సరిపోయింది. మీది మరీ... మా వాళ్ళలాగా ఉంటుంది. ఆ దర్జీ మీలా మాట్లాడితే అతని కూతుర్ని వెనక్కి పంపుతారని ఎవరూ నమ్మరు."

కంచుకి ఏడుపొచ్చింది. ఆవిరి అక్కర్లేని అసలు ఏడుపు. వచ్చిన కొత్తలో, నీది పరాయి గొంతు అని తన మొహం మీంచి ఒలిచేశారు. నోట్లో పెన్సిలు పెట్టుకుని ఇన్నేళ్ళు ఆ పరాయితనాన్ని అరగదీశాడు. ఇవాళ, నీది పరాయి గొంతు కాదు పొమ్మంటున్నారు. ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. రెండుచోట్లా తన గొంతే తనకి చేటైందని కుమిలిపోయాడు.

"ఒక్కసారి నన్ను చెప్పనివ్వండి" అన్నాడు.

ఆవిడ సరేనంది. కంచు మైకు ముందు నిలబడి, కంచుకంఠంతో, తిరుగులేని ఉచ్చారణతో మొదటి నాలుగు వాక్యాలూ చెప్పాడు. సౌండు ఇంజనీరు బల్లకేసి చూశాడు. డైరెక్టరమ్మ తల అడ్డంగా ఊపింది. "చాలా గంభీరంగా ఉంది. దర్జీ మాట్లాడుతున్నట్టు లేదు. జడ్జిగారే మాట్లాడుతున్నట్టుంది" అని, లిఫ్టు వైపు తిరిగి, "మిగతా సగం కూడా కానిద్దామా?" అంది.

లిఫ్టు మైకు ముందుకి వెళ్ళాడు. చదివాడు. లిఫ్టులో ఎంతమంది ఎక్కాలో చదివినట్టు చదివాడు.

"ఇందాకటిలా చెప్పండి" అంది ఆవిడ.

"ఇందాక బావ పోతాడనుకున్నానమ్మా. ఇప్పుడు ఎదురుగా గుండ్రాయిలా ఉన్నాడు. ఏడుపెలా వస్తుంది?" అన్నాడు లిఫ్టు. ఇంకో రెండుసార్లు చేయించారు. రెండోసారి మధ్యలో నవ్వొచ్చింది కూడా. ఇంతలో అతని ఫోను మోగింది. పొద్దున ఎక్కడి పని అక్కడ వదిలేసి వచ్చిన భవనం నించి. అంతస్తుకీ అంతస్తుకీ మధ్య ఎవరో ఇరుక్కుని అరుస్తున్నారట. "చచ్చాను బావా! ఉన్న సగంతో సర్దుకోమను" అని సంచీ పట్టుకుని పరిగెత్తాడు.

గదిలో ముగ్గురూ తెరవంక చూస్తూ కూచున్నారు. సగం ఉపన్యాసం లిఫ్టు గొంతుతో, సగం నోరు ఆడుతూ మాట లేకుండా.

"అతనిలా నేను చెబుతాను" అన్నాడు కంచు. "ఎలుగుబంటిలా చెప్పినవాణ్ణి, బావమరిదిలా చెప్పలేనా?"

మళ్ళీ మైకు ముందు నిలబడ్డాడు. మొదట్లో లిఫ్టునే అనుకరించాడు: అదే సాగతీత, అదే సుత్తి. రెండు వాక్యాలయ్యేసరికి అతనికి ఒళ్ళు ఝల్లుమంది. ఇది లిఫ్టు గొంతు కాదు. వచ్చిన కొత్తలో, చేతిలో చిరునామా పట్టుకుని, వీధి వీధీ తిరిగి "అయ్యా, ఈ ఇల్లెక్కడ?" అని అడిగిన మనిషిది. అడిగితే నవ్వినవాళ్ళ మొహాలు గుర్తొచ్చాయి. ఎంత తోమినా పోకుండా ఆ మనిషి లోపల ఎక్కడో అలాగే ఉన్నాడు. కంచు అతన్ని మాట్లాడనిచ్చాడు. సగం దగ్గర ఆగలేదు, మొదటికి వెళ్ళి మొత్తం చెప్పాడు. చెప్పడం అయ్యాక సౌండు ఇంజనీరు రికార్డింగు ఆపడం మరిచిపోయాడు.

"మొత్తం ఇదే ఉంచుతాను" అంది డైరెక్టరమ్మ, గొంతు సవరించుకుని. "మీ బావమరిదిగారిది ఒక్క ముక్క కూడా అక్కర్లేదు."

కంచు ఛాతీ విరుచుకుని బయటికొచ్చాడు. వరండాలో భార్య, "తమ్ముడు వెళ్తూ వెళ్తూ చెప్పాడు. మీ మొహానికి వాడే మాట్లాడాడటగా! పోనీలెండి, బాధపడకండి. బయటివాడు కాదు కదా!" అని ఓదార్చింది. కంచు అసలు సంగతి చెప్పబోయి ఆగాడు. చెప్పడమెందుకు? హాల్లో కూచుని, ఆ గొంతు చెవిన పడగానే ఆవిడకే తెలుస్తుంది. ఆ క్షణంలో ఆవిడ మొహం చూడాలి. అందుకని ఆవిడకీ చెప్పలేదు, లిఫ్టుకీ చెప్పలేదు. లిఫ్టు మాత్రం కనపడ్డ మనవాళ్ళందరికీ చెప్పుకున్నాడు.

సినిమా విడుదలైంది. మనవాళ్ళు వరసలకి వరసలు నిండిపోయారు. కంచుకి ఒక పక్క భార్య, ఇంకో పక్క కొత్త కోటు వేసుకుని లిఫ్టు. తెర మీద దర్జీ లేచి నిలబడ్డాడు. నోరు విప్పాడు. కంచు తెర చూడలేదు, భార్యనే చూస్తున్నాడు. ఆవిడ కళ్ళు పెద్దవయ్యాయి. కన్నీళ్ళు కారిపోతున్నా తుడుచుకోవడం మరిచిపోయి వింది. కంచుకి జన్మ ధన్యమైంది.

ఉపన్యాసం అయిపోగానే హాలంతా చప్పట్లు. వెనక వరసల్లోంచి చేతులొచ్చి లిఫ్టు భుజాలు చరిచాయి. "అదరగొట్టావయ్యా లిఫ్టూ!" "ఎక్కడ దాచావయ్యా ఇంత ప్రతిభ?" లిఫ్టు కళ్ళు తుడుచుకుని, "ఆ రెండో సగం ఎప్పుడు చెప్పానో నాకే గుర్తులేదు బావా. పూనకంలో చెప్పినట్టున్నాను" అన్నాడు.

కంచు వంగి, భార్య చెవిలో చెప్పాడు. "ఆ గొంతు వాడిది కాదే. నాది. మొదటినించీ చివరిదాకా నేనే."

ఆవిడ జాలిగా అతని చెయ్యి నిమిరింది.

"ఊరుకోండి. పుట్టినప్పటినించీ వింటున్నాను, మా తమ్ముడి గొంతు నాకు తెలీదా? అయినా మీరేం తక్కువ తినలేదు, మొహం మాత్రం చాలా బాగా చేశారు."